పాడ్యమి నాటి నెలవంక

ఫిబ్రవరి 18, బుధవారం

రేపటి నుంచి రంజాన్ రోజాలు, ఉపవాసాలు. ఈసారి కూడా నెలవంకని నాన్నే ముందు చూశాడు, 6:21కి. నేను లెక్కకట్టిన టేబుల్ ప్రకారం 6:20 నుంచి కనిపించాలి. ఒక్క నిమిషం తేడాకి నేను మురిసిపోతుంటే ఆయన జాలిగా చూసి, రేపు రోజా నీ కంప్యూటరుంటాదేటి, నువ్వుంటావా అన్నాడు. మేడ మీద అందరూ నవ్వారు. నాకు ఒళ్లు మండింది.

నలభై ఏళ్లుగా మా మసీదుకి నెలవంక గవాహీ ఇచ్చేది నాన్నే. గవాహీ అంటే పెద్ద విషయమేం కాదు. నేను చూశాను అని నలుగురిలో నిలబడి చెప్పి రిజిస్టర్‌లో సంతకం పెట్టడం. పెద్ద విషయం కాదన్న మాట ఆయన ముందు మాత్రం అనను. రంజాన్‌కీ ఈద్‌కీ వీధి వీధంతా మా మేడ ఎక్కుతుంది. మిగతా నెలల్లో ఇరవై తొమ్మిదో సాయంత్రం ఆయనొక్కడే ఎక్కుతాడు. ఎవరూ అడగని నెలకి కూడా వెళ్లి సంతకం పెట్టి వస్తాడు.

విశాఖపట్నం అనగానే అందరూ తూర్పుకి, సముద్రం వైపు తిరుగుతారు. నెలవంకకి పడమర చూడాలి. మా మేడ మీంచి పడమర అంటే ఇన్నర్ హార్బర్, క్రేన్లు, ఎయిర్‌పోర్టు దాటాక కొండలు. ఆ క్రేన్లలోనే నాన్న ముప్పై మూడేళ్లు పనిచేశాడు. నేను అదే పోర్టులో, కంట్రోల్ రూంలో ఆటుపోట్ల లెక్క చూస్తాను. ఏ ఓడ ఏ గంటకి లోపలికి రావచ్చో చెప్పాలంటే చంద్రుడు ఎక్కడున్నాడో తెలియాలి. అది తెలుసుకోడానికి నేను తల పైకెత్తక్కర్లేదు.

ఫిబ్రవరి 22, ఆదివారం

ఆదివారాలు సాయంత్రపు అసర్ నమాజ్ అయ్యాక మసీదు వరండాలో నాన్న చుట్టూ ఐదారుగురు కూర్చుంటారు. ఆయన పొడుగు నోట్‌బుక్ తీసి, తెలుగులో రాసుకున్నది చదువుతాడు. మా మసీదులో ఆడవాళ్లకి చోటు లేదు కాబట్టి నేను వెళ్లను. అయినా ప్రతి పేజీ శనివారమే ఇంట్లో నా మీద ప్రయోగిస్తాడు.

ఈ వారం పేజీ: మతంలో కొత్తగా ఆలోచించే తలుపు వెయ్యేళ్ల కిందటే మూసేశారంటారు. మూసినవాడి పేరు ఒక్కటి చెప్పండి. అల్లా లోకాన్ని ఒకసారి చేసేసి చేతులు కడుక్కోలేదు, ఈ సాయంత్రం కూడా చేస్తూనే ఉన్నాడు. చేసేవాడు ఆపనప్పుడు ఆలోచించేవాడు ఎందుకు ఆపాలి?

ఇంత చెప్పినవాడు నెలవంక దగ్గరికొచ్చేసరికి నా లెక్క ఒప్పుకోడు. ప్రవక్త కాలంలో జనానికి రాతా లెక్కా రాదు, అందుకే కంటితో చూడమన్నారు, ఇప్పుడు వచ్చు కదా, లెక్క కూడా ఒక చూపే కదా అన్నాను. నీ లెక్క తప్పని నానెప్పుడన్నాను, దానికి పూచీ ఎవుడు అన్నాడు.

ఆ తర్వాత మళ్లీ క్రేన్ కథ. కేబిన్‌లోంచి ఓడ అడుగు కనపడదు. లోపల మనుషులు సరుకుకి తాడు కడుతుంటారు. అంచున నిలబడ్డ సిగ్నల్‌మేన్ చూపుడువేలు పైకెత్తి గుండ్రంగా తిప్పితే ఎత్తాలి, అరచెయ్యి చాపితే ఆపాలి. ముప్పై మూడేళ్లు నాను సూడని బరువే ఎత్తినాను బేటా, ఆడి ఏలు నమ్మి, అన్నాడు. ఏలు తప్పయితే కిందున్నోడు సచ్చిపోతాడు, అంచేత ఆడు సూడకుండా ఏలెత్తడు, నీ లెక్కకి ఆ బయం ఉంటాదేటి అన్నాడు.

నమాజులో సాక్ష్యం పలికేటప్పుడు ఎత్తేదీ ఆ వేలే. ఇది ఆయన చెప్పలేదు, నాకే తట్టింది. చెప్తే వచ్చే ఆదివారం వాడేసుకుంటాడని చెప్పలేదు.

మార్చి 2, సోమవారం

ఇఫ్తార్ దగ్గర కూర్చుని నాన్న చేత్తో దోమల్ని తోలుతున్నాడు. ఒక్క దోమ లేదు. ఉన్నాయి, నల్లవి, కుడి పక్క అన్నాడు. దోమల మందు పెట్టాను. పెట్టాక కూడా తోలాడు. కళ్లజోడు తుడిచిచ్చాను.

మార్చి 6

నైట్ షిఫ్ట్. తెల్లారకముందు తినే సెహ్రీ ఆఫీసులోనే. ఉప్మా. దీని గురించి ఏం రాయాలి.

మార్చి 8, ఆదివారం

నాన్న ఇవాళ చిన్నబోయి వచ్చాడు. వరండాలో ఒక పెద్దాయన అందరిముందూ అన్నాడట, క్రేన్ నడుపుకున్న మనిషి సొంత బుర్రతో దీన్ గురించి, మతం గురించి చెప్తుంటే మనం వినాలా అని. మసీదు కమిటీ పెద్ద సదర్ సాబ్ అడ్డుపడ్డాడట. నలభై ఏళ్లలో ఈయన నెలవంక ఒక్కసారి తప్పు చెప్పలేదు, ఈయన మాట వినొచ్చు అన్నాడట.

అంటే నాన్న ఆలోచనలన్నిటికీ పూచీ ఆ నెలవంకే. నేను అది ఇంతకుముందు ఆలోచించలేదు. రాత్రికి ఆయనకిష్టమైన కీమా చేశాను.

మార్చి 13, శుక్రవారం

నిన్న సాయంత్రం మేడ మీద మెరుపు చూశానన్నాడు. వానొస్తాదేమో, బట్టలు తీసీ అన్నాడు. తీశాను. ఆకాశం శుభ్రంగా ఉంది. డ్యూటీకెళ్లి వెదర్ చూస్తే చుట్టుపక్కల ఎక్కడా మబ్బే లేదు. ఆయన చూశానన్నదాన్ని నేను చెక్ చేయడం ఇదే మొదటిసారి. ఆయనకి చెప్పలేదు.

మార్చి 18, బుధవారం

రేపు ఇరవై తొమ్మిదో రోజా. పొద్దున 6:53కి అమావాస్య దాటుతుంది. సాయంత్రానికి చంద్రుడి వయసు పదకొండు గంటల చిల్లర. ఇంత పసివాణ్ణి ఎవరి కన్నూ పట్టుకోలేదు. రేపు కనపడదు, ఎల్లుండి అందరికీ కనపడుతుంది. ఈద్ శనివారమే.

నాన్నకి ప్రింట్ తీసిచ్చాను. మడిచి జేబులో పెట్టుకుని, సరే, ఎక్కి సూద్దాం అన్నాడు. లేదని తెలిసి ఎక్కడమెందుకంటే, లేదని కూడా ఎవుడో సూసి సెప్పాల కదా అన్నాడు.

పదకొండేళ్లప్పటి సంగతి గుర్తొచ్చింది. రంజాన్ నెలవంక కోసం మేడెక్కి అందరూ మబ్బుని తిట్టుకుంటుంటే, నీళ్ల ట్యాంకు పక్కనుంచి నాకు కనిపించింది. కత్తిరించి పారేసిన గోరంత. నాన్న చెయ్యి పట్టుకుని వేలెత్తి చూపించాను. ఆయన ఒక్క క్షణం అటు చూసి మసీదుకి పరిగెత్తాడు. మైకులో ఆయన పేరే వచ్చింది. పిల్లల గవాహీ చెల్లదు, రూల్ అంతే. అయినా నలభై ఏళ్లొచ్చాక కూడా మర్చిపోలేదంటే నేనెంత పగబట్టే మనిషినో.

మార్చి 19, గురువారం. ఉదయం

ఉగాది. కింద వాటాలో ఉండే పోతమ్మ పచ్చడి తెచ్చింది. పూర్ణా మార్కెట్ దగ్గర చేపలమ్ముతుంది. ఇవాళ బేరానికి సెలవిచ్చి పసుపు చీర కట్టింది. రోజాలో ఉన్నాం, ఇఫ్తార్‌కి తింటామన్నాను. ఈయేళ సాయిబుగారు నెలపొడుపు సూత్తారంట గదా, పాడ్యమి నాడు ఎక్కడగుపడతాదమ్మా, ఇదియ నాడు గదా అంది. వాళ్లాయన పడవెక్కిన రోజులనుంచీ చూస్తోందట. ఆవిడకి టేబుల్ లేదు, డిగ్రీ లేదు. నాన్న లోపలినుంచి విని నవ్వాడు.

సాయంత్రం 6:50

నాన్న చూశానన్నాడు.

6:08కి సూర్యుడు దిగాడు. ఖర్జూరంతో రోజా విడిచి అక్కడే నిలబడ్డాం. మేడ మీద ఇరవై మంది. 6:19కి నాన్న అదిగో అన్నాడు. చంద్రుడు ఉండాల్సిన చోటుకి జానెడు కుడిగా చూపిస్తున్నాడు. ఎవరికీ ఏమీ కనపడలేదు. ఉంది, తెల్లగా ఉంది అని ఆయన రెండోసారి అనేసరికి ఇద్దరు పెద్దమనుషులకి కూడా కనిపించేసింది. నాన్న చూశానన్నాక చూడలేదనడానికి ఎవరికి ధైర్యం.

ఈద్ గవాహీకి ఇద్దరు మగవాళ్లు చాలు, ముగ్గురయ్యారు. అందరూ మసీదుకి దిగారు. కాసేపట్లో మైకులో రేపే ఈద్ అంటారు. ఊళ్లో మిగతా మసీదులన్నీ రేపు ముప్పయ్యో రోజా ఉంటాయి, మా వీధి ఒక్కటీ నాన్న మాట మీద వదిలేస్తుంది. రేపు సాయంత్రానికి తప్పని తేలిపోతుంది. నలభై ఏళ్ల మాట పోతుంది, ఆదివారాల వరండా పోతుంది. వెళ్లి లెక్క చెప్దామంటే, అందరిముందూ కన్నకూతురే ఆయన పరువు తీసినట్టు. ఎటూ తోచక ఇది రాస్తూ కూర్చున్నాను.

మెట్లు దిగుతూ నాన్న ఒక మాటన్నాడు. ఈపాలి నెలవంక బలే సురుకు బేటా, నాను కన్ను తిప్పితే అదీ తిరగతంది అన్నాడు.

కుడి పక్క దోమలు. మబ్బు లేని మెరుపు.

ఇది నెలవంక గొడవ కాదు. వెళ్తున్నాను.

9:15

మసీదు గేటు దగ్గరనుంచి కబురు పంపితే నాన్న బయటికొచ్చాడు. చెప్పులు విడిచే రేకుల షెడ్డు కింద నిలబడ్డాం. రిజిస్టర్‌లో పేరు రాసేశారు, సంతకం ఒక్కటే బాకీ అన్నాడు. లెక్క సంగతి నేనెత్తలేదు. నాన్నా, ఆ నెలవంక ఇప్పుడుందా అన్నాను. ఇక్కడేటి, రేకుల కిందనా అన్నాడు. ఒక్కసారి కన్ను కుడికి తిప్పి చూడు అన్నాను.

తిప్పాడు. రేకుల కింద, చెప్పుల అరల మీద, సన్నగా తెల్లగా ఆయనకి మళ్లీ కనపడింది. ఆయన మొహం చూస్తే తెలిసిపోయింది. ఎడమకన్ను మూయమన్నాను. మూసి, కుడికన్నుతో నన్ను చూసి, నీ మొహం ఒక పక్క లేదు అన్నాడు. కూరలో ఉప్పు లేదన్నంత మామూలుగా అన్నాడు. ఎప్పట్నుంచంటే, నిన్నట్నుంచి తెర దిగినట్టుంది, పండగెల్లినాక సెప్దామనుకున్నాను అన్నాడు. నాకు ఏడుపొచ్చింది. ఏడుస్తూనే తిట్టాను.

హాస్పిటల్‌కి పదమంటే, ఆగు, లోపల పనుంది అన్నాడు.

సందువైపు కిటికీ దగ్గర నిలబడి విన్నాను. నాను సూసింది నెలవంక కాదు, నా కంట్లో జబ్బు, నా పేరు కొట్టియ్యండి అన్నాడు. సదర్ సాబ్‌కి నమ్మబుద్ధి కాలేదు. నలభై ఏళ్లు తప్పు చూడని కన్ను కదా అన్నాడు. నలబై ఏళ్లు సరిగ్గా సూసినానని ఈయేళ కూడా సూసినట్టేనేటి, ఎవుడి సూపుని ఆడే అడగాల కదా అన్నాడు నాన్న. కాసేపటికి ఆ ఇద్దరు పెద్దమనుషులూ, మాకూ సరిగ్గా అగుపడలేదులే బావా అని గొణిగారు. ముప్పై రోజాలూ పూర్తి చేయమని మైకులో చెప్పారు.

నవ్వులపాలవుతాడని భయపడ్డాను. ఎవరూ నవ్వలేదు. సదర్ సాబ్ స్వయంగా నాన్న చెప్పులు తెచ్చి కాళ్ల దగ్గర పెట్టాడు.

ద్వారకా నగర్‌లో కంటి డాక్టర్ యశస్విని దగ్గరికి తీసుకెళ్లాను. కంటి లోపలి పొర చిరిగి ఊడిపోతోంది, అలా చిరిగేటప్పుడు వంపు తిరిగిన మెరుపులు కనపడతాయి అంది. పొద్దున్నే ఆపరేషన్. ఇంకో రెండ్రోజులు ఆగుంటే ఈ కన్ను పోయేదట. ఈద్ హడావుడిలో పడితే రెండ్రోజులు ఆగేవాళ్లమే. పచ్చడి ఫ్రిజ్‌లోనే ఉండిపోయింది.

మార్చి 20, శుక్రవారం

ఆపరేషన్ అయింది. రోజా ఉండొద్దంటే పొద్దున మొహం ముడుచుకున్నాడు. రోగికి రోజా లేదని నోట్‌బుక్‌లో పేజీన్నర రాసింది తమరే అన్నాను. కంట్లో గ్యాస్ నింపారు. పది రోజులు బోర్లా ఉండాలి. తింటున్నా, పడుకున్నా మొహం నేలకే, నమాజులో సజ్దాకి వంగినట్టు. ఇంత పొడుగు సజ్దా నా జన్మలో సెయ్యలేదు అన్నాడు నాన్న, నేలతో.

సాయంత్రం హాస్పిటల్ మేడెక్కాను. 6:27కి, కోచింగ్ సెంటర్ల బోర్డుల మధ్యనుంచి కనపడింది. వాచ్‌మేన్‌కి కూడా కనపడింది. పోతమ్మ చెప్పిన విదియ చంద్రుడు.

కిందికొచ్చి చెప్పాను. ఎన్ని డిగ్రీలో సెప్పీకు, సూసినట్టు సెప్పు అన్నాడు. ఆయన మంచం తలవైపు మొహం పెట్టుకోడానికి ఖాళీ ఉంది. దాని కింద నేల మీద వెల్లకిలా పడుకుని, ఆయన మొహంలోకి చూస్తూ చెప్పాను. కొసలు ఎటు తిరిగాయో, కింద వంపు ఎంత పసుపుగా ఉందో, పక్కనే శుక్రుడు ఎలా నిలబడ్డాడో. నా నుదుటి మీద ఒక చుక్క పడింది. మందు చుక్కేమో అనుకున్నాను. కట్టు లేని కంటిలోంచి పడింది.

అప్పుడు చెప్పాడు. నీ పదకొండో ఏట ఆ మబ్బులో నాకేటీ అగుపడలేదు అని. మళ్లీ అడిగాను. లేదు బేటా, నీ ఏలు అగుపడింది, ఆ ఏలు నమ్మి ఎల్లిపోయినాను, నా కూతురు సూసిందంటే రాసుకోరని నాను సూసినానన్నాను అన్నాడు. నలబై ఏళ్లలో దొంగ గవాహీ అదొక్కటే, నిన్న రెండోది అవాల్సింది, ఆపీసినావు అన్నాడు.

ఇరవై తొమ్మిదేళ్లుగా దాచుకున్న పగని ఏం చేసుకోవాలో తెలియలేదు. తల చుట్టూ కంటి కట్టు. చెవి నిమిరాను.

మార్చి 21, శనివారం

ఈద్. సదర్ సాబ్ షీర్ ఖుర్మా పట్టుకొచ్చాడు. నాన్న మొహం చూడ్డానికి నేల మీద కూర్చుని, వంగి, కిందనుంచి ఈద్ ముబారక్ చెప్పాడు. ఆ వయసులో మళ్లీ లేవడానికి నేను చెయ్యివ్వాల్సొచ్చింది.

సాబిరా, ఇకమీదట లెక్క ప్రకారం కనపడదని తేలిన సాయంత్రం ఎవరి గవాహీ తీసుకోకూడదనుకుంటున్నాం, ప్రతి నెలా టేబుల్ ఇస్తావా అమ్మా అని అడిగాడు. ఈ మాట కోసం నేను ఇన్నేళ్లూ కొట్లాడాను. ఇస్తాను చాచా, కానీ కనపడుతుందని ఉన్న సాయంత్రం కూడా ఎవరో ఒకరు మేడెక్కాలి అన్నాను. నా నోట్లోంచి ఆ మాట ఎలా వచ్చిందో. నాన్న నవ్వడం వినపడింది.

తర్వాత నన్ను టీ తెమ్మని పంపేసి, ఆ పాత గవాహీ సంగతి ఆయనతో చెప్పుకున్నాడు. నేనొచ్చేసరికి, అంతా సెప్పీసినాను బేటా అన్నాడు. సదర్ సాబ్ వెళ్తూ వెళ్తూ నన్ను కాస్త ఎక్కువసేపు చూశాడు.

మార్చి 29, ఆదివారం

వరండా మా ఇంటికి వచ్చింది. ఐదారుగురు కాదు, పదకొండు మంది. క్రేన్ మనిషి మాట వినాలా అన్న పెద్దాయన కూడా వచ్చి, గోడకి ఆనుకుని కూర్చున్నాడు. నాన్న బోర్లా పడుకునే మాట్లాడాడు. నోట్‌బుక్ లేదు. నమ్మకం అంటే నా కన్ను తప్పదనుకోవడం కాదు, తప్పినప్పుడు సెప్పే మనిసి పక్కనుండాల, ఆ మనిసి మాట ఇనాల అన్నాడు.

మా ఇల్లు కాబట్టి నేనూ కూర్చున్నాను. గిన్నె కోసం వచ్చిన పోతమ్మ కూడా గుమ్మంలో చతికిలబడి చివరిదాకా వింది. ఉగాది పచ్చడి ఎప్పుడు తిన్నామని అడగలేదు, బతికిపోయాను.

ఏప్రిల్ 18, శనివారం

జిల్ఖద్ నెల పుట్టాలి. ఎవరూ అడగని నెల. మేడ మీద ఇద్దరమే. పడమర మబ్బు.

నాన్నకి కుడికన్ను ఇంకా నీళ్లలోంచి చూసినట్టే ఉంది. ఆకాశం వైపు తిరగలేదు. ట్యాంకు పక్కన కుర్చీ వేసుకుని నన్నే చూస్తూ కూర్చున్నాడు.

6:36. మబ్బు విడింది. చూపుడువేలు ఎత్తి, గుండ్రంగా తిప్పాను.

ఆయన లేచాడు. పద, నీ పేరు నువ్వే సెప్పాల అన్నాడు.

మసీదుకి ఏడు మెట్లు. ఇన్నాళ్లూ నాకు తెలీదు.